మలుపులో టకటక, వేగంలో వణుకు: ఒక డ్రైవ్ షాఫ్ట్ మార్చిన వైనం

స్టీరింగ్‌ను పూర్తిగా ఎడమకు తిప్పి కారును ముందుకు కదిలించిన ప్రతిసారీ ముందు చక్రాల వైపు నుంచి టక్ టక్ టక్ మని ఒక శబ్దం రావడం మొదలైన నెల రోజులకు గాని నేను దానిని పట్టించుకోలేదు. తిన్నగా పోతున్నప్పుడు ఆ శబ్దం లేదు. టైరు గాడిలో రాయి ఇరుక్కుని ఉంటుందనుకుని రెండు సార్లు దిగి వెతికాను కూడా. రాయి అయితే తిన్నగా పోయేటప్పుడు కూడా మోగాలి కదా అన్న చిన్న తర్కం అప్పుడు తట్టలేదు. ఇంతలో 60, 70 కిలోమీటర్ల వేగంలో యాక్సిలరేటర్ గట్టిగా నొక్కితే కారు ముందు భాగం పక్కలకు ఊగినట్టు వణకడం కూడా మొదలైంది. దానికి చక్రాల బ్యాలెన్సింగ్ చేయించాను, వణుకు మాత్రం అలాగే ఉంది. ఈ రెండు జబ్బులూ ఒకే భాగపు రెండు కొనల నుంచి వస్తున్నాయని తెలుసుకోవడానికి నాకు పట్టిన కాలం, ఆ భాగాన్ని విప్పి కొత్తది బిగించడానికి పట్టిన కాలం కంటే చాలా ఎక్కువ.

ముందు చక్రాలతో నడిచే కార్లలో గేర్‌బాక్స్ నుంచి రెండు పక్కలకూ రెండు డ్రైవ్ షాఫ్టులు బయలుదేరి చక్రాల హబ్బుల్లోకి, అంటే చక్రం బిగించే నడిమి దిమ్మల్లోకి, వెళ్తాయి. మెకానిక్‌లు దీనిని యాక్సిల్ అని కూడా అంటారు. చూడటానికి అది బొటనవేలి కంటే కొంచెం లావైన ఇనుప కడ్డీ, దానికి రెండు కొనల్లో రెండు కీళ్ళు, ఆ కీళ్ళ మీద ముడతలు ముడతలుగా ఉండే రబ్బరు తొడుగులు, అంతే. కాని అది చేయవలసిన పని తక్కువది కాదు. ఇంజన్ బలాన్ని చక్రానికి అందించాలి, చక్రం గుంతలో దిగి పైకి లేచినప్పుడల్లా తన పొడవు సర్దుకోవాలి, స్టీరింగ్ తిప్పినప్పుడు బయటి కొన దగ్గర 40 డిగ్రీల దాకా వంగి కూడా చక్రాన్ని ఒకే వేగంతో తిప్పాలి. ఈ చివరి షరతే అసలు చిక్కు. లారీల కింద కనిపించే సాదా క్రాస్ జాయింటు వంగినప్పుడు తిప్పే కడ్డీ సమవేగంతో తిరిగినా, తిరిగే కడ్డీ ప్రతి చుట్టులోనూ రెండు సార్లు వేగం పుంజుకుని రెండు సార్లు వెనకబడుతుంది. 30 డిగ్రీల వంపులో ఆ తేడా ఒకవైపు దాదాపు 15 శాతం ఎక్కువ, మరోవైపు 13 శాతం తక్కువ. అటువంటి కీలును ముందు చక్రానికి పెడితే మలుపు తిరిగిన ప్రతిసారీ స్టీరింగ్ చేతిలో కొట్టుకుంటుంది. 1920లలో ఆల్ఫ్రెడ్ ర్జెప్పా అనే ఇంజనీరు ఉక్కు గుండ్లతో రూపొందించిన కీలు ఈ చిక్కును తీర్చింది. లోపలి గిన్నెకూ బయటి గిన్నెకూ మధ్య వంపు తిరిగిన గాళ్ళలో ఆరు గుండ్లు ఉంటాయి, ఒక పంజరం వాటిని ఎప్పుడూ వంపుకు సరిగ్గా సగం కోణంలో నిలుపుతుంది, దానితో వేగంలో తేడా రాదు. 1959లో వచ్చిన మినీ కారులో చక్రాల వైపు ఇదే రకం కీలు ఉంది. నేటికీ చాలా కార్లలో చక్రం వైపు ఉండే సి.వి. జాయింటు, అంటే సమవేగపు కీలు, ఆ కుటుంబానిదే. గేర్‌బాక్స్ వైపు మాత్రం మూడు రోలర్లున్న ట్రైపాడ్ జాయింటు ఎక్కువగా కనిపిస్తుంది. అది అంతగా వంగలేదు గాని, రోలర్లు తమ గాళ్ళలో లోపలికీ బయటికీ జరుగుతాయి గనుక పొడవు సర్దుకునే పని అది చూసుకుంటుంది.

నిర్మాణం ఇంత వివరంగా చెప్పడానికి కారణం ఉంది. ఏ కీలు అరిగితే ఏ లక్షణం కనిపిస్తుందో దాని పొందికలోనే ఉంది. చక్రం వైపున్న బయటి కీలులో గుండ్ల గాళ్ళు తిన్నగా పోయేటప్పుడు గుండ్లు కూర్చునే చోట ఒక రకంగా, పూర్తిగా వంగినప్పుడు కూర్చునే చోట మరో రకంగా అరుగుతాయి. స్టీరింగ్‌ను చివరిదాకా తిప్పి యాక్సిలరేటర్ నొక్కినప్పుడు గుండ్లు ఆ గుంటల అంచులు ఎక్కి దిగుతాయి, మనకు వినిపించే టక్ టక్ అదే. వేగం పెరిగితే శబ్దాల మధ్య ఎడం తగ్గుతుంది గాని శబ్దం తీరు మారదు. గేర్‌బాక్స్ వైపున్న లోపలి కీలు అరిగితే శబ్దం కంటే వణుకు ఎక్కువ. రోలర్లు తమ గాళ్ళలో గుంటలు చేసుకుని, జారవలసిన చోట తట్టుకుని, షాఫ్టును ప్రతి చుట్టులోనూ మూడు సార్లు పక్కకు నెడతాయి. యాక్సిలరేటర్ మీద కాలు ఉన్నంతసేపూ ఆ నెట్టుడు ఉంటుంది, కాలు తీయగానే పోతుంది.

బ్యాలెన్సింగ్‌తో ఆ వణుకు ఎందుకు తగ్గలేదో ఈ మూడు అన్న లెక్కలోనే నాకు అర్థమైంది. గంటకు 72 కిలోమీటర్ల వేగం అంటే సెకనుకు 20 మీటర్లు. మామూలు కారు టైరు ఒక చుట్టుకు రెండు మీటర్లకు కాస్త తక్కువ దూరం పోతుంది గనుక సెకనుకు పది చుట్లకు పైగా తిరుగుతుంది. టైరు బరువులో తేడా ఉంటే సెకనుకు పది చిల్లర కుదుపులు వస్తాయి. అవి స్టీరింగ్ చక్రంలో విడివిడిగా చేతికి తెలుస్తాయి, పైగా యాక్సిలరేటర్ వదిలినా ఆ వేగంలో ఉన్నంతసేపూ ఉంటాయి. ట్రైపాడ్ వణుకు సెకనుకు ముప్పైకి పైగా ఉంటుంది. అది స్టీరింగ్‌లో కాక సీటులోనూ కాళ్ళ కింద నేలలోనూ జిల్లుమన్నట్టు తెలుస్తుంది. ఈ తేడా గమనించడానికి ఖాళీగా ఉన్న తిన్నని రోడ్డు మీద ఒక్క అయిదు నిమిషాలు చాలు. వణుకు వచ్చే వేగాన్ని అందుకుని, మెల్లగా కాలు ఎత్తి, మళ్ళీ నొక్కి చూశాను. కాలు ఎత్తితే కారు నీళ్ళ మీద పడవలా సాగింది, నొక్కితే మళ్ళీ వణికింది. చక్రపు బేరింగు అయి ఉండవచ్చన్న అనుమానాన్ని కూడా అదే రోడ్డు మీద తీర్చుకున్నాను. బేరింగు పాడైతే గూంయ్‌మని ఒక మోత ఉంటుంది. ఆ మోతకు యాక్సిలరేటర్‌తో సంబంధం లేదు, కారును కొంచెం ఇటూ అటూ తిప్పినప్పుడు ఒక పక్కకు పెరిగి మరో పక్కకు తగ్గుతుంది. మా కారులో అటువంటి మోత లేదు.

ఇక ఏ పక్క షాఫ్టు అన్న ప్రశ్న మిగిలింది. ఇక్కడే నేను పొరపాటు పడబోయాను. ఎడమకు తిరిగినప్పుడు శబ్దం వస్తే కుడి కీలు పోయినట్టు, కుడికి తిరిగినప్పుడు వస్తే ఎడమ కీలు పోయినట్టు అని ఒక సూత్రం చాలామంది చెబుతారు. మలుపులో బయటి చక్రం మీద బరువు ఎక్కువ పడుతుంది గనుక అందులో సత్యం లేకపోలేదు. కాని పూర్తి మలుపులో మరీ నెమ్మదిగా పోతున్నప్పుడు అటువంటి బరువు మార్పు పెద్దగా ఉండదు, పైగా లోపలి వైపు చక్రమే బయటి దాని కంటే ఎక్కువ కోణంలో తిరిగి ఉంటుంది. శబ్దం కూడా ఇనుము వెంట పాకుతుంది గనుక డ్రైవర్ సీటులో కూర్చున్న చెవికి కుడి ఎడమలు తెలియవు. సూత్రాన్ని నమ్మి కుడి షాఫ్టు తెప్పించబోయి, ఒకసారి కింద చూద్దామని ఆగాను. ఆ ఆగడం మంచిదైంది.

చదునైన నేల మీద వెనక చక్రాలకు అడ్డు పెట్టి, జాకీతో లేపి, స్టాండ్ల మీద నిలిపిన తరువాతే కిందికి దూరాను. జాకీ ఒక్కదాన్నే నమ్మి కారు కింద తల పెట్టడం గురించి నేను వేరే చెప్పనవసరం లేదు. కుడి తొడుగు పొడిగా, చెక్కు చెదరకుండా ఉంది. ఎడమ చక్రం లోపలి అంచు మీద మాత్రం నల్లని జిగురు చుక్కలు వలయాకారంలో చిమ్మి ఉన్నాయి, పైన ఉన్న స్ప్రింగు మీదా బ్రేకు పైపు మీదా అవే మరకలు. ఎడమ బయటి తొడుగును చేత్తో వంచి ముడతలు విప్పితే, చక్రానికి దగ్గరగా ఉన్న రెండో ముడత లోయలో దాదాపు నాలుగు వేళ్ళ పొడవున చీలిక ఉంది. తొడుగు వంగకపోతే ఆ చీలిక కనబడదు. అందులో వేలు పెట్టి కొంచెం గ్రీజు తీసి బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య రుద్దాను. మంచి గ్రీజు వెన్నలా జారుతుంది, ఇది సన్నని ఇసుక కలిసినట్టు గరగరలాడింది. వెలుతురులోకి తెచ్చి చూస్తే ఆ నలుపులో ఉక్కు పొడి మిలమిల మెరిసింది. ఆ మెరుపు కనిపించిందంటే కొత్త తొడుగు తొడిగి, గ్రీజు నింపి సరిపెట్టుకునే దశ దాటిపోయిందని అర్థం.

లోపలి కీలును చేత్తో పరీక్షించేటప్పుడు ఒక సంగతి గుర్తు పెట్టుకోవాలి. షాఫ్టు లోపలికీ బయటికీ జరగడం ట్రైపాడ్ కీలుకు సహజమైన గుణం, అది తెలియక మంచి షాఫ్టును తీసేసినవారు ఉన్నారు. చూడవలసింది పైకీ కిందికీ ఆట ఎంత ఉంది, చక్రాన్ని ఎవరైనా పట్టుకుని ఉండగా షాఫ్టును ముందుకూ వెనక్కూ తిప్పితే ఎంత తిరుగుతోంది అన్నవి. మా ఎడమ షాఫ్టు లోపలి కొన దగ్గర పైకీ కిందికీ తడిమితే లోపల ఠక్కుమని తగిలింది. కుడిది అలా తగలలేదు. ఇంకో మాట, చక్రాలు గాలిలో వేలాడుతుండగా ఇంజన్ నడిపి శబ్దం వినే ప్రయత్నం నేను చేయలేదు. సస్పెన్షన్ పూర్తిగా కిందికి జారినప్పుడు షాఫ్టు కోణం రోడ్డు మీద ఉండేదాని కంటే ఎక్కువ, అప్పుడు మంచి కీలు కూడా శబ్దం చేయవచ్చు. అది ప్రమాదకరమైన పని కూడా.

రెండు కీళ్ళూ పోయాయి గనుక కీలు మాత్రమే మార్చాలా, మొత్తం షాఫ్టు మార్చాలా అన్న చర్చకు తావు లేదు. కొత్త షాఫ్టు చేతికి రాగానే పాత దాని లెక్కలతో పోల్చుకోవాలి. గేర్‌బాక్స్ ఒక పక్కకు ఉండే కార్లలో ఒక షాఫ్టు పొట్టిది, మరొకటి పొడుగుది. ఒకే పేరున్న కారులోనే ఇంజన్ రకాన్ని బట్టి, గేర్‌బాక్స్ రకాన్ని బట్టి షాఫ్టు కొనల మీది పళ్ళ సంఖ్య మారుతుంది. ఏ.బి.ఎస్. (బ్రేకు వేసినప్పుడు చక్రం బిగుసుకుపోకుండా చూసే ఏర్పాటు) పళ్ళ చక్రం కొన్నిటిలో కీలు మీదే ఉంటుంది, కొన్నిటిలో ఉండదు. నేను పాతది ఊడదీశాక రెండూ పక్కపక్కన పడుకోబెట్టి పొడవు చూసి, పళ్ళను సుద్దతో గుర్తు పెట్టి రెండు సార్లు లెక్కపెట్టాను.

పని మొదలయ్యేది చక్రం మధ్యలో షాఫ్టు కొనను పట్టి ఉంచే పెద్ద నట్టు దగ్గర. చక్రాలు నేల మీద ఉండగానే దీనిని వదులు చేయాలి, కారు స్టాండ్ల మీదకు ఎక్కిన తరువాత అంత బలం ఉపయోగించడం క్షేమం కాదు. మా కారులో నట్టు అంచును షాఫ్టు గాడిలోకి నొక్కి బంధించి ఉంది. ఆ నొక్కుడును సన్నని ఉలితో పైకి లేపకుండా తిప్పితే షాఫ్టు మరలు చెడతాయి. షాఫ్టు ఎలాగూ పారవేసేదే అయినా, మరలు పట్టేస్తే నట్టు బయటికి రాదు. ఉలి పని అయ్యాక 32 మిల్లీమీటర్ల సాకెట్ పెట్టి, దాని పిడికి మీటరు పొడవు పైపు తొడిగి, మా తమ్ముడిని బ్రేకు మీద కూర్చోబెట్టాను. మొదటి రెండు సార్లు పైపు వంగింది గాని నట్టు కదలలేదు. మూడోసారి ఫట్‌మని పెద్ద శబ్దం వచ్చింది. "అన్నయ్యా, ఏదో విరిగినట్టుంది!" అని వాడు లోపలి నుంచి కేక వేశాడు. విరిగింది ఏమీ లేదు, నట్టు కదిలింది.

తరువాత కారును లేపి, చక్రం తీసి, గేర్‌బాక్స్ ఆయిల్ దింపాను. ఏ.బి.ఎస్. తీగనూ బ్రేకు పైపునూ వాటి క్లిప్పుల నుంచి విడిపించడం చిన్న పనే గాని, అది మరచి హబ్బును బయటికి లాగితే రెండూ తెగే ప్రమాదం ఉంది. హబ్బును కింది చేతికి (సస్పెన్షన్ ఆర్మ్‌కు) కలిపే బాల్ జాయింటును పట్టుకున్న బోల్టును వదులు చేసి ఊరుకుంటే సరిపోదు, పూర్తిగా బయటికి తీయాలి. బాల్ జాయింటు మొనకు పక్కన ఒక గాడి ఉండి, బోల్టు ఆ గాడిలో నుంచి పోతుంది గనుక అది ఉన్నంతవరకూ ఎంత కొట్టినా మొన జారదు. బోల్టు తీశాక పొడుగు గునపంతో కింది చేతిని అదిమితే మొన దిగింది, హబ్బు బయటికి ఊగింది. షాఫ్టు పళ్ళు హబ్బులో తుప్పుతో పట్టుకుని ఉన్నాయి. పాత నట్టును చివరి మర వరకు తిప్పి, దాని మీద చెక్క దిమ్మ ఆనించి సుత్తితో నాలుగు దెబ్బలు వేస్తే వదిలాయి.

లోపలి కొనను తీసే చోట చాలామంది షాఫ్టును పట్టుకుని లాగుతారు. అలా లాగితే కడ్డీ ట్రైపాడ్‌తో సహా ఊడి చేతికి వస్తుంది, రోలర్లు కూర్చునే గిన్నె మాత్రం గేర్‌బాక్స్‌లోనే ఉండిపోతుంది. గిన్నెకూ గేర్‌బాక్స్‌కూ మధ్య గునపం మొన పెట్టి, ఆయిల్ కారకుండా ఆపే రబ్బరు సీలుకు తగలకుండా, గేర్‌బాక్స్ అల్యూమినియం అంచు మీద కాక దిట్టమైన చోట ఆనించి, ఒక్క కుదుపు ఇవ్వాలి. గిన్నె మొనకు చుట్టి ఉన్న తీగ రింగు ముడుచుకుని దారి ఇస్తే షాఫ్టు ఒక్కసారిగా బయటికి వస్తుంది. దానితో పాటు మిగిలిన ఆయిల్ కూడా వస్తుంది, నా మోచేతి దాకా వచ్చింది. పాత సీలు ఎంత లోతులో కూర్చుని ఉందో కొలిచి పెట్టుకుని, దాన్ని తీసి, కొత్తదాన్ని అదే లోతుకు సమంగా కొట్టాను. దాని పెదవికి కొంచెం గేర్ ఆయిల్ రాయడం మరవకూడదు, పొడి పెదవి మొదటి కిలోమీటరులోనే కాలుతుంది.

కొత్త షాఫ్టు ఎక్కించడం రెండు నిమిషాల పని అనుకున్నాను. అరగంట పట్టింది. పళ్ళు కలిశాయి, షాఫ్టు లోపలికి వెళ్ళింది, చివరి వేలెడంత దూరంలో ఆగిపోయింది. బలంగా నెట్టాను, గిన్నె మీద చెక్క పెట్టి కొట్టాను, లాభం లేదు. బయటికి తీసి చూస్తే కారణం తెలిసింది. తీగ రింగు దాని గాడిలో వదులుగా ఉంటుంది గనుక తన బరువుకు ఒక పక్కకు వేలాడుతుంది. రింగు తెరిపి, అంటే దాని రెండు కొనల మధ్య ఖాళీ, పైకి ఉంటే కింది భాగం జారి, లోపలి పళ్ళ అంచుకు తగిలి ఆగిపోతోంది. తెరిపిని కిందికి తిప్పి, గాడిలో చిక్కని గ్రీజు పెట్టి, రింగు మధ్యలో నిలిచేట్టు చేసి, షాఫ్టును సమంగా పట్టుకుని ఒక్క ఊపున నెట్టాను. లోపల టక్ మంది. అది చెవి కంటే అరచేతికి ముందు తెలిసే శబ్దం. ఆ తరువాత గిన్నెను పట్టుకుని, కడ్డీని కాదు, బయటికి లాగి చూశాను. కదలలేదు.

బయటి కొనను హబ్బులోకి దూర్చి, కొత్త నట్టు చేత్తో తిప్పి, బాల్ జాయింటు బోల్టును దాని గాడిలో నుంచి పోనిచ్చి బిగించి, తీగలనూ పైపునూ వాటి స్థానాల్లో పెట్టాను. ఈ దశలో కారును కిందికి దించి కొంచెం జరుపుదామన్న ఆలోచన రాకూడదు. చాలా కార్లలో చక్రపు బేరింగు లోపలి రింగు రెండు ముక్కలుగా ఉంటుంది, ఆ ముక్కలను కలిపి పట్టేది ఈ పెద్ద నట్టు బిగింపే. షాఫ్టు లేకుండా గాని, నట్టు వదులుగా ఉండగా గాని కారు బరువు చక్రం మీద వేసి దొర్లిస్తే బేరింగు పాడవుతుంది. మా కారు పుస్తకంలో ఈ నట్టుకు ఇచ్చిన బిగింపు 245 న్యూటన్ మీటర్లు. మామూలు చక్రపు బోల్టుల బిగింపుకు ఇది రెట్టింపు. కార్లను బట్టి ఇది బాగా మారుతుంది, కొన్నిటిలో ఒక అంకె వరకు బిగించి ఆపైన కొన్ని డిగ్రీలు తిప్పమంటారు గనుక వేరే కారు అంకెను అరువు తెచ్చుకోకూడదు. చక్రం నేలకు ఆనీ ఆననట్టుగా దించి, తమ్ముడు మళ్ళీ బ్రేకు తొక్కగా, టార్క్ రెంచ్ (బిగింపు కొలిచే పాన) టిక్ మనే వరకు బిగించి, నట్టు అంచును కొత్త గాడిలోకి నొక్కాను. గేర్‌బాక్స్‌లో పక్కనున్న బిరడా రంధ్రం నుంచి చుక్కలు కారే వరకు ఆయిల్ పోసి మూత పెట్టాను. కొత్త షాఫ్టు వేసిన ఆనందంలో ఆయిల్ పోయడం మరచినవారి కథలు నేను విన్నాను. ఆ కథలన్నీ గేర్‌బాక్స్ దగ్గరే ముగుస్తాయి.

సాయంత్రం కారును బయటికి తీసి ఎడమకు పూర్తిగా తిప్పి ఒక చుట్టు, కుడికి ఒక చుట్టు తిప్పాను. టైర్ల రాపిడి తప్ప మరో చప్పుడు లేదు. ఆ తరువాత అదే తిన్నని రోడ్డు మీద 70 దాటించి కాలు గట్టిగా నొక్కాను. వణుకు లేదు.

పాత షాఫ్టును వెంటనే పారవేయలేదు. బయటి కీలు విప్పి, గ్రీజు కిరసనాయిలుతో కడిగి, గుండ్లు ఒక్కొక్కటే బయటికి తీశాను. ఆరింటిలో రెండు గుండ్ల మీద నిగనిగ పోయి బూడిద రంగు మచ్చలు ఉన్నాయి. గిన్నె గాళ్ళలో ఒకదానిలో వేలిగోరు పట్టేంత గుంట, దాని అంచు చర్మాన్ని గీసేంత పదును. లోపలి కీలు తొడుగు ఎక్కడా చిరగలేదు, అయినా రోలర్లు కూర్చునే గాళ్ళలో తిన్నగా పోయేటప్పుడు అవి ఉండే చోట చేతికి తెలిసేటట్టు గాడి పడింది. అది చీలిక వల్ల కాదు, నడిచిన దూరం వల్ల. బయటి కీలు సంగతి వేరు. ఆ నాలుగు వేళ్ళ చీలికను ఏడాది క్రితం టైర్లు మార్పించిన రోజు కింద వంగి చూసి ఉంటే, ఒక తొడుగు, రెండు క్లిప్పులు, కొంచెం నల్ల గ్రీజుతో అది ఇంకా తిరుగుతూ ఉండేది.

వారం తరువాత మళ్ళీ కింద దూరి సీలు దగ్గర తడి ఉందేమో చూశాను. పొడిగానే ఉంది. పక్కన ఉండగానే కుడి తొడుగు ముడతలు కూడా ఒక్కొక్కటే విప్పి చూశాను. బయటి తొడుగు రెండో లోయలో, సరిగ్గా ఎడమది చిరిగిన చోటనే, జుట్టు మందం పగుళ్ళు నాలుగు కనబడ్డాయి. గ్రీజు ఇంకా బయటికి రాలేదు. తొడుగుల సెట్టు తెప్పించి ఉంచాను, వచ్చే సెలవు రోజున అటు పక్క పని.